బడిపంతులు, పన్ను లెక్క

 

ఈ రోజు బీఈడీ పట్టా అందుకున్న మీకు ఒక బడిపంతులు గురించి చెబుతాను. ఆయన పేరు బ్లాంచ్ కెల్సో బ్రూస్. 1841లో అమెరికాలోని వర్జీనియాలో బానిసగా పుట్టారు. బానిసలను ఒకచోట చేర్చి చదువు చెప్పడం ఆ రాష్ట్రంలో నేరం. యజమాని కొడుకుకు పాఠాలు చెప్పే పంతులు దగ్గరే బ్రూస్‌కూ అక్షరాలు అబ్బాయి. ఆ యజమానే ఆయన తండ్రి అని చరిత్రకారులు అంటారు.

అంతర్యుద్ధ కాలంలో బ్రూస్ తప్పించుకుని కాన్సస్‌లోని లారెన్స్ చేరి, నల్లజాతి పిల్లలకు బడి పెట్టారు. 1863 ఆగస్టు 21న తెల్లవారుతూనే బానిసత్వం పక్షాన పోరాడే క్వాంట్రిల్ ముఠా ఆ ఊరి మీద పడింది. మగవాళ్లను, కుర్రాళ్లను ఏరి మరీ 150 మందికి పైగా చంపి, ఊరు తగలబెట్టింది. బ్రూస్ ఎలాగో ప్రాణాలు దక్కించుకున్నారు. అంత జరిగాక మనిషి బడి జోలికి వెళ్లకపోయినా ఎవరూ తప్పు పట్టరు. ఆయన మరుసటి ఏడే మిసోరీలోని హానిబల్ వెళ్లి మళ్లీ బడి తెరిచారు. నల్లవాళ్లకు చదవడం, రాయడం నేర్పకూడదని 1847లోనే చట్టం చేసిన రాష్ట్రం అది. బానిసత్వం కూడా అక్కడ ఇంకా రద్దు కాలేదు.

తరువాత కొన్నాళ్లు ఓబర్లిన్ కాలేజీలో చదివారు, స్టీమరులో మూటలు మోశారు. 1869లో మిసిసిపీ చేరారు. నాకు ఆయన జీవితంలో అన్నిటికన్నా ముఖ్యమనిపించే ఘట్టం ఇక్కడిదే. బొలివర్ కౌంటీలో ఆయన మొదట ఆస్తుల విలువ కట్టే అధికారి. 1871లో షెరీఫ్‌గా ఎన్నికయ్యారు. అప్పట్లో అక్కడ షెరీఫే పన్ను కూడా వసూలు చేసేవాడు. కౌంటీ బడుల పర్యవేక్షణ కూడా ఆయనకే అప్పగించారు. అంటే ఎవరి పొలానికి ఎంత పన్నో తేల్చిన చెయ్యి, దాన్ని వసూలు చేసిన చెయ్యి, పంతుళ్లనూ బడులనూ చూసుకున్న చెయ్యి ఒకటే. అందరికీ ఉచిత బడులన్న మాట మిసిసిపీలో అప్పటికి కొత్త. బడి పన్ను మీద భూస్వాములు మండిపడుతున్నారు. తూర్పు కౌంటీల్లో ముసుగు ముఠాలు బడులు కాలుస్తున్నారు. అలాంటి రోజుల్లో తెల్లవాళ్ల మద్దతు కూడా కూడగట్టి బడులు నడిపించారు బ్రూస్. పిల్లవాడి పలక వెనక ఒక పన్ను రసీదు ఉంటుందని ఆయనకు తెలిసినంతగా చాలామంది విద్యావేత్తలకు తెలియదు.

ఆ పేరే ఆయన్ని సెనేట్‌కు పంపింది. 1875 మార్చి 5న ప్రమాణ స్వీకారం. కొత్త సభ్యుణ్ణి అదే రాష్ట్రానికి చెందిన పాత సభ్యుడు వెంటబెట్టుకుని వేదిక దాకా తీసుకెళ్లడం అక్కడి ఆనవాయితీ. మిసిసిపీ సెనేటర్ ఆల్కార్న్ కుర్చీలోంచి లేవలేదు. బ్రూస్ ఒక్కరే నడవడం మొదలుపెట్టారు. సగం దారిలో న్యూయార్క్ సెనేటర్ రాస్కో కాంక్లింగ్ లేచి వచ్చి చెయ్యి అందించారు. బ్రూస్ ఆ మేలు మరువలేదు. కొడుక్కి రాస్కో కాంక్లింగ్ బ్రూస్ అని పేరు పెట్టుకున్నారు.

సెనేట్‌లో పూర్తి ఆరేళ్లు పనిచేసిన తొలి నల్లజాతి సభ్యుడాయన. చైనా వలస కూలీలను అడ్డుకునే బిల్లును వ్యతిరేకించారు. విముక్తులైన బానిసల పొదుపు కోసం పెట్టిన ఫ్రీడ్‌మన్స్ బ్యాంకు 1874లో మూతపడి, 61 వేలకు పైగా ఖాతాదారుల కష్టార్జితం చిక్కుకుపోతే, విచారణ కమిటీకి అధ్యక్షత వహించారు. తప్పెవరిదో తేల్చారు గానీ, మునిగిన సొమ్మంతా ప్రభుత్వం చెల్లించేలా చేయలేకపోయారు. తరువాత ఖజానా రిజిస్ట్రారుగా అమెరికా నోట్ల మీద సంతకం చేశారు. ఆ గౌరవం దక్కిన తొలి నల్లజాతీయుడు ఆయనే.

కానీ 1890లో మిసిసిపీ కొత్త రాజ్యాంగం రాసుకుంది. ఓటు కావాలంటే రెండు డాలర్ల తలపన్ను కట్టాలి, రాజ్యాంగంలో ఒక భాగం చదవాలి, లేదా చదివి వినిపిస్తే అర్థం చెప్పాలి. చెప్పింది సరైనదో కాదో తేల్చేది తెల్ల అధికారి. బ్రూస్ బడి కట్టడానికి వాడిన పన్నునూ, బడిలో నేర్పిన చదువునూ ఆయన మనుషుల ఓటు ఊడబెరకడానికి వాడారు. ఇది చదివినప్పుడల్లా నాకు కడుపు రగిలిపోతుంది. బ్రూస్ మాత్రం మళ్లీ బడి పనికే వెళ్లారు. వాషింగ్టన్ నగర పాఠశాలల ధర్మకర్తల మండలిలో 1892 నుంచి మూడేళ్లు పనిచేశారు. 1898లో కన్నుమూశారు.

రేపు మీరు ఏదో ఒక సర్కారు బడిలో చేరతారు. పలక వెనకున్న ఆ పన్ను రసీదు అప్పుడు మీ చేతికీ వస్తుంది. 2009 విద్యాహక్కు చట్టం ప్రకారం బడి యాజమాన్య కమిటీలో కనీసం నాలుగింట మూడు వంతుల మంది పిల్లల తల్లిదండ్రులో సంరక్షకులో అయి ఉండాలి. బడికి వచ్చిన నిధులు ఎలా ఖర్చవుతున్నాయో చూసే అధికారం ఆ కమిటీది. కమిటీ సమావేశానికి కూలి మానుకుని వచ్చిన తల్లి ముందు లెక్కల పుస్తకం తెరవండి. ఆమెకు చదవడం రాకపోతే పక్కన కూర్చుని ఒక్కో పద్దూ చదివి వినిపించండి. సంతకం ఆ తరువాతే అడగండి.