పట్నంలో మన వాడ ఎక్కడున్నది?

(నర్మెట్టలో వాడ జనం సభలో చేసిన ప్రసంగ పాఠం)



మేము ఈ వాడలో పుట్టి పట్నం పోయినోళ్లం. పండుగకో, పెండ్లికో, చావుకో వచ్చి రెండు రోజులుండి మళ్లీ జనగామ బస్సెక్కుతాం. వచ్చిన ప్రతిసారీ ఇక్కడి పెద్దమ్మలు అడిగే మాట ఒకటే: "బిడ్డా, పట్నంల ఇల్లు కట్టినవా?" కట్టినం పెద్దమ్మా, అంటాం. అబద్ధం కాదు. ఉప్పల్‌లో కట్టినం, బోడుప్పల్‌లో కట్టినం, ఘట్‌కేసర్‌లో కట్టినం. పునాది తవ్వింది మేమే, మాలు తట్టలు మోసింది మా ఇంటి ఆడోళ్లే. గృహప్రవేశం నాడు గేటు బయట నిలబడి మిగిలిన కూలి లెక్క తీసుకుని వచ్చినం. మేము ఉండేది మాత్రం ఇంకొకరి రేకుల రూములో, నెల నెలా కిరాయి కట్టి.

దీనికి వందేళ్లకు పైబడిన చరిత్ర ఉన్నది. ఆ చరిత్ర చెప్పడానికే ఇవాళ మైకు పట్టుకున్నాం. హైదరాబాద్ అంటే బడిలో మనకు చార్మినార్ చెప్పారు, గోల్కొండ చెప్పారు, నవాబుల ముత్యాలు చెప్పారు. ఆ పట్నంలో ఎవరు ఎక్కడ ఉండాలో ఎవరు నిర్ణయించారు, ఎవరి గుడిసె ఎప్పుడు పీకారు, ఎవరి చేతికి పట్టా ఇచ్చారు, ఇది ఏ పాఠంలోనూ లేదు.

ఊళ్లో సంగతి మీకు చెప్పనక్కర్లేదు. ఊరికి ఓ దిక్కున వాడ. పొలిమేరకు దగ్గర, బావికి దూరం. ఇల్లు ఎక్కడ అని చెబితే చాలు, కులం అడిగే పని లేదు. అంబేద్కర్ 1948 నవంబరు 4న రాజ్యాంగ సభలో భారతదేశపు గ్రామాన్ని పొగిడే వాళ్లందరినీ ఎదిరించి, గ్రామం అజ్ఞానానికీ సంకుచితత్వానికీ గుంట అని తేల్చి చెప్పింది ఇందుకే. అంతకు ఆరేళ్ల ముందు 1942 జూలైలో నాగపూర్‌లో షెడ్యూల్డు కులాల మహాసభ, మన జనానికి ఊళ్లకు వేరుగా, సొంత భూములతో వేరే గ్రామాలు కట్టియ్యాలని తీర్మానం చేసింది. ఇల్లు ఎక్కడుందో మనిషి విలువ అక్కడే తేలిపోతుందని వాళ్లకు తెలుసు.

మన పెద్దలు ఆ తీర్మానాలు చదివి పట్నం పోలేదు. కరువు తరిమితే పోయారు, దొర వెట్టి భరించలేక పోయారు. 1886లో సికింద్రాబాద్ నుంచి వరంగల్ దాకా రైలు పట్టా పడ్డది. జనగామ దాకా నడిస్తే చాలు, పట్నం దొరికింది. రైల్వేలో కలాసీలుగా, కంటోన్మెంటులో బట్లర్లుగా, తోళ్ల పనిలో, మిల్లుల్లో చేరిన మన జనానికి చేతికి పైసల రూపంలో జీతం రావడం అదే మొదలు. పట్నం మనకు ఏమీ ఇయ్యలేదని మేము అనం. ఊళ్లో దొర గడి ముందు చెప్పులు చేతబట్టుకుని నడిచిన మనిషి సికింద్రాబాద్‌లో బూట్లేసుకుని నడిచాడు.

మాదరి భాగయ్య ఆ పట్నంలోనే భాగ్యరెడ్డి వర్మ అయ్యాడు. 1888లో పుట్టిన ఆ మాల బిడ్డ చిన్నప్పుడు ఒక బారిస్టరు ఇంట్లో పని చేశాడు. 1906లో జగన్ మిత్ర మండలి పెట్టాడు, 1911లో దాన్నే మన్య సంఘం చేశాడు. 1910లో ఇసామియా బజారులో బడితో మొదలుపెట్టి, 1933 నాటికి ఆది హిందూ బడులు 26 అయ్యాయి, రెండున్నర వేల మంది పిల్లలు చదివారు. బడి కూడా ఒక ఇల్లే. చాదర్‌ఘాట్‌లో ఆది హిందూ భవన్ లేస్తే, మన జనం మీటింగు పెట్టుకోవడానికి ఒకరి అరుగు అడుక్కునే పని తప్పింది. 1931లో 'భాగ్యనగర్' అని పక్షపత్రిక కూడా నడిపాడు. ఇవాళ మన చేతుల్లో ఉన్న ఈ పక్షపత్రికకు తాత అది.

ఇప్పుడు ఇండ్ల సంగతికొద్దాం. 1908 సెప్టెంబరు 28న మూసీ పొంగింది. కోల్సావాడి, ఘాన్సీ బజారు కొట్టుకుపోయాయి. పదిహేను వేల మంది దాకా చచ్చారని లెక్క. ఏటి ఒడ్డున ఉన్నది ఎవరు? జాగ దొరకక లోతట్టుకు చేరిన కూలినాలి జనమే ఎక్కువ. 1911లో ప్లేగు వచ్చింది. ప్లేగు ఎలుక పేదోని గుడిసెలో పుట్టినా, దొరవారి దేవిడీ దాకా పోగలదు. అప్పుడు గానీ సర్కారుకు గుడిసెలు కనబడలేదు. 1912లో నిజాం ప్రభుత్వం సిటీ ఇంప్రూవ్‌మెంట్ బోర్డు పెట్టింది. ఇరుకు బస్తీలు పడగొట్టడం, రోడ్లు వెడల్పు చేయడం, మురికి కాల్వలు తవ్వడం, కొన్ని క్వార్టర్లు కట్టి కిరాయికివ్వడం దాని పని. నాంపల్లితో మొదలుపెట్టారు. పత్తర్‌గట్టి రాతి దుకాణాలూ, 1935 నాటి మొజంజాహీ మార్కెట్టూ ఆ కాలానివే. చూడ ముచ్చటగా ఉంటాయి, కాదనం. గండిపేట చెరువు 1920లో, హిమాయత్ సాగర్ 1927లో పూర్తయితే వరద భయం తగ్గింది, నల్లాల్లో నీళ్లొచ్చాయి. కానీ బస్తీ తీసేసి రోడ్డేస్తే రోడ్డు పక్క జాగ ధర పెరుగుతుంది. ధర పెరిగిన చోట పాత గుడిసెవాడు నిలవడు. ఇంకో బస్తీ వెతుక్కుంటాడు, అది మళ్లీ మూసీ ఒడ్డో, తోళ్ల కార్ఖానా పక్కో అవుతుంది. ఈ తిరుగుడు అప్పుడు మొదలై ఇవాళ్టిదాకా ఆగలేదు.

ఈ ఇంప్రూవ్‌మెంట్ తరహా నిజాం ఊహించింది కాదు. 1896లో బొంబాయిలో ప్లేగు వస్తే 1898లో అక్కడ ఇంప్రూవ్‌మెంట్ ట్రస్టు పెట్టారు. ఆ ట్రస్టు పరేల్‌లో కట్టిన చాల్‌లోనే అంబేద్కర్ 1912 నుంచి ఇరవై రెండేళ్లున్నాడు. చిన్న గదుల ఇల్లు, కింద మిల్లు కార్మికుల సందడి. లోకమంత చదువు చదివిన మనిషి రాత్రి అందరూ పడుకున్నాక దీపం పెట్టుకుని చదివింది అక్కడ. అంతటివాడికే 1917లో బరోడాలో ఉద్యోగముండి కూడా ఇల్లు దొరకలేదు. పార్శీ సత్రంలో పేరు దాచి ఉంటే, కట్టెలు పట్టుకుని వచ్చి వెళ్లగొట్టారు. పట్నంలో కులం ఉండదని ఎవరైనా మనకు పాఠం చెబితే ఈ ఒక్క సంగతి అడగండి.

అయితే పేదోని ఇల్లు కూలడం మన దేశంలోనే ఉన్న బాధ అనుకోవద్దు. సరిగ్గా ఆ రోజుల్లోనే ఇంగ్లీషోళ్ల ఏలుబడిలో ఉన్న ఐర్లండులో డబ్లిన్ పట్నం ఉండేది. 1801 నుంచి ఐర్లండు పార్లమెంటు లండన్‌లో కలిసిపోతే, డబ్లిన్‌లోని ప్రభువులు మెల్లగా మేడలు వదిలి పోయారు. ఆ మేడలను గదికొక కుటుంబం చొప్పున కిరాయికిచ్చారు. దాదాపు ఇరవై వేల కుటుంబాలు ఒక్కో గదిలోనే బతికేవి. 1913 సెప్టెంబరు 2న చర్చ్ స్ట్రీటులో రెండు ఇండ్లు కూలి ఏడుగురు చచ్చారు. విచారణ వేస్తే తేలిందేమిటి? కార్పొరేషన్ సభ్యుల్లోనే కొందరు అట్లాంటి కిరాయి ఇండ్లకు యజమానులు! ఇల్లు పాడైందని నోటీసియ్యాల్సినవాడే కిరాయి వసూలు చేసుకుంటున్నాడు. తర్వాత పదేళ్లకు సొంత ప్రభుత్వం వచ్చి మెరీనో వంటి చోట్ల తోటల మధ్య ఇండ్లు కట్టింది. అందులోనూ డబ్బు కట్టగలిగినోళ్లకే చోటు దొరికింది, మరీ పేదలు పాత గదుల్లోనే మిగిలారు. వాళ్లకు పేదరికమొక్కటే అడ్డం. మనకు దాని మీద కులం.

మన దగ్గర 1960లో సిటీ ఇంప్రూవ్‌మెంట్ బోర్డు పోయి హౌసింగు బోర్డు వచ్చింది. కూకట్‌పల్లి కాలనీ చూసినోళ్లకు తెలుసు, అక్కడ ఇండ్లకు పేర్లుంటాయి: ఎల్ఐజి, ఎంఐజి, హెచ్ఐజి. వాటికి దిగువన ఇడబ్ల్యుఎస్. ఆదాయాన్ని బట్టి నాలుగు మెట్లు. మనువు బతికుంటే మురిసిపోయేవాడు! నాలుగు మెట్లు వాళ్లు రాసుకున్నారు, వాయిదాలు కట్టే జీతపు చీటీ లేని అడ్డా కూలీ ఆ నాలుగింటికీ బయట ఐదోవాడు. మన వైపు వరంగల్‌లోనూ అంతే. 1934లో ఆజంజాహీ మిల్లు పెట్టినప్పుడు కార్మికులకు క్వార్టర్లు కట్టారు. మిల్లు మూతపడ్డాక ఆ భూమిలో కొంత ప్లాట్లయి అమ్ముడుపోయింది.

మరి బస్తీలు ఎట్లా నిలిచాయి? జనమే నిలబెట్టుకున్నారు. 1967లో హైదరాబాద్ కార్పొరేషన్‌లో అర్బన్ కమ్యూనిటీ డెవలప్‌మెంట్ అని ఒక పని మొదలైంది. గుడిసెలు పీకి దూరం తోలే బదులు, ఉన్న చోటనే పట్టా ఇచ్చి, అప్పు ఇప్పించి, జనం చేతనే ఇండ్లు కట్టించే పద్ధతి అది. 1980లలో దానికి బ్రిటన్ నుంచి డబ్బు కూడా వచ్చింది. సర్కారు చేసిన పనుల్లో మేము మెచ్చుకునేది ఏదన్నా ఉంటే ఇదే. పట్టా చేతికొచ్చినవాడు మట్టి గోడ తీసి ఇటుక గోడ పెట్టాడు, ఆ ఇంట్లో పిల్లలు చదివారు.

పట్టా లేక కిరాయికున్నోళ్ల సంగతి మేము చెబుతాం, ఎందుకంటే అది మా సంగతి. మాలో ఒక తమ్మునికి ఉద్యోగమొచ్చింది. పెండ్లయింది, రేకుల రూము వదిలి మంచి ఇల్లు చూద్దామనుకున్నాడు. ఒక కాలనీలో టులెట్ బోర్డు చూసి గేటు కొట్టాడు. ఇంటామె మంచినీళ్లిచ్చింది, ఇల్లు చూపించింది, కిరాయి చెప్పింది. అడ్వాన్సు తీయబోతుంటే అడిగింది: "నీచు వండుకుంటరా బాబూ?" ఆదివారం వండుకుంటం అమ్మా, అన్నాడు. "అయ్యో, అట్ల గాదు, మీరేమోళ్లు?" మనవాడు మాదిగోళ్లం అన్నాడు. మేమైతే కొందరం ఇంకేదో చెప్పి తప్పించుకున్న రోజులున్నాయి, ఆ సిగ్గు మా దగ్గరే ఉన్నది. ఆయన దాచలేదు. ఆమె కోప్పడలేదు, తిట్టలేదు. మా తమ్ముడికి మాటిచ్చినం, నిన్ననే ఇంకొకరికి ఖాయం చేసినం అన్నది. ఆ బోర్డు నెల దాకా అట్లనే వేలాడింది. ఆ గేటు మీదుగానే రోజూ ఆఫీసుకు పోయేవాడు. ఈ అంటరానితనానికి సాక్షి ఉండడు, కేసు ఉండదు. ఊళ్లో రెండో గ్లాసు కండ్లకు కనబడేది, ఇక్కడ గ్లాసు ఒకటే, గడప మాత్రం దాటనియ్యరు.

సర్కారు ఇల్లిస్తే ఈ బాధ తప్పుతుంది గదా అంటారు. ఎక్కడిచ్చిందనేది చూడాలె. 2015లో సికింద్రాబాద్ బోయిగూడ దగ్గర ఐడిహెచ్ కాలనీలో పాత ఇండ్లు తీసి అదే జాగలో 396 డబుల్ బెడ్‌రూం ఇండ్లు కట్టారు. ఉన్నోళ్లు ఉన్నచోటనే ఉన్నారు. పని, బడి, దవాఖాన అన్నీ పక్కనే. 2023 జూన్‌లో కొల్లూరులో 15,660 ఇండ్లు ఒక్కచోట ప్రారంభించారు. ఇండ్లు బాగానే ఉన్నాయి. కానీ అది ఔటర్ రింగు రోడ్డు దాపున, సంగారెడ్డి జిల్లాలో. పట్నం నడిమిట్ల నాలుగిండ్లలో బాసన్లు తోమే అక్కకు అక్కడ ఇల్లిస్తే, బస్సు ఖర్చు పోను చేతిలో మిగిలేదేంది? ఇల్లిచ్చి బువ్వ గుంజుకోవడమే గదా! పట్నానికి కూడా పొలిమేర ఉన్నది, ఆ పొలిమేర దాటించి మళ్లీ వాడ కట్టారు. ఈసారి వాడకు లిఫ్టు పెట్టారు.

2024 సెప్టెంబరు ఆఖరున మూసీ ఒడ్డు బస్తీల్లో గోడల మీద ఎర్ర రంగుతో ఆర్.బి.ఎక్స్ అని రాశారు. చాదర్‌ఘాట్ దగ్గర శంకర్ నగర్, మూసా నగర్ జనం ఒక్క రోజులో సామాన్లు ఆటోల్లో వేసుకోవాల్సి వచ్చింది. ఏరు బాగుపడాలని మేము కూడా కోరతాం, ఆ కంపు పీల్చింది మేమే. కొందరికి మలక్‌పేటలో డబుల్ బెడ్‌రూం ఇండ్లు దొరికాయి, మంచిదే. కిరాయికున్నోనికి ఏమిచ్చారు? 1908 నుంచి లెక్కేస్తే, మూసీ పేరు చెప్పి కదిలిన కుటుంబాల్లో కాగితం లేనిది ఎప్పుడూ లెక్కలోకి రాలేదు.

కదిలించినప్పుడు కదలడమే మన చరిత్ర కాదు, మనంతట మనం కదిలి నిలబడ్డ చరిత్ర కూడా ఉన్నది. 1985 జూలై 17న కారంచేడులో ఆరుగురు మాదిగలను చంపినప్పుడు బతికినోళ్లు చీరాల చేరారు. వాపసు రమ్మంటే రామన్నారు. ఆ ఊరి వాడకు ఇక పోము, మాకు పట్నంలోనే జాగ కావాలన్నారు. కొట్లాడి చీరాలలో విజయనగర్ కాలనీ సాధించుకున్నారు. రాష్ట్రమంతా కదిలి దళిత మహాసభ పుట్టింది అక్కడే. ఇల్లు ఎక్కడ కావాలో అడిగే హక్కు మనకున్నదని వాళ్లు చూపించారు.

ఇప్పుడు సర్కారు ఇందిరమ్మ ఇండ్లు అంటున్నది. సొంత జాగ ఉన్నోళ్లకు కట్టుకోను 5 లక్షలు. ఈ వాడలో చూడండి. తాత కట్టిన ఒక్క ఇంట్లో ముగ్గురు కొడుకులు, జాగ కాగితం తాత పేరు మీద, తాత కాలం చేసి ఎన్నేండ్లో. పట్నంలో ఉన్న మాకు అక్కడ జాగ లేదు. ఇక్కడ అడిగితే మీరు ఊళ్లో ఉంటలేరు గదా అంటారు, అక్కడ అడిగితే మీ ఆధారు నర్మెట్టది గదా అంటారు. 2014 డిసెంబరులో 58 నంబరు జీవో తెచ్చి, సర్కారు జాగలో గుడిసె ఉన్న పేదోళ్లకు 125 గజాల దాకా ఉచితంగా క్రమబద్ధం చేస్తామన్నప్పుడు, 2014 జూన్ 2కు ముందు నుంచి ఉన్నట్టు రుజువు చూపమన్నారు. మనోళ్లు కొందరికి కరెంటు బిల్లు కూడా పక్కింటోళ్ల పేరు మీదే ఉండె.

అందుకే ఒక పని మొదలుపెట్టాం. ఈ వాడ నుంచి పట్నం పోయిన ప్రతి కుటుంబం ఏ బస్తీలో ఉన్నది, కిరాయా, పట్టానా, ఎన్నేండ్ల నుంచి, ఏ కాగితాలున్నాయి, ఒక నోటుబుక్కులో రాస్తున్నాం. ఇల్లు రాయించుకునేటప్పుడు ఆడమనిషి పేరు ముందు రాస్తాం. ఇక్కడ మిగిలినోళ్ల జాగ కాగితాలు ఎవరి పేరు మీద ఉన్నయో కూడా రాస్తాం, పేరు మార్పిడి లేనోళ్లందరం కలిసి ఒక్కటే అర్జీతో తహసీలు ఆఫీసుకు పోదాం. సభ అయిపోయినంక మేము ఇక్కడే కూసుంటాం. రేషన్ కార్డు, కరెంటు బిల్లు, తాత పేరున ఉన్న పాత కాగితం ఏదున్నా ఇంట్లకెళ్లి పట్టుకరాండ్రి. చెదలు తిన్నదైనా సరే.