ఒంటిస్తంభపు మేడ: మన రొయ్యల వర్తకము

(పఠనాలయ సభలో చేసిన ఉపన్యాసపాఠము)



భారతదేశము సముద్రమునుండియు చెరువులనుండియు తీసి విదేశములకు పంపు సరకులలో రొయ్యకు గల ప్రాముఖ్యము మీ రెఱుగనిది కాదు. అయినను ఆ వర్తకపు లెక్కలను నలుగురి యెదుట విప్పి చెప్పుకొనుట అరుదు. రైతు చెరువుగట్టున నుండును. ఎగుమతిదారు రేవులో నుండును. పట్టణవాసి ధర పడిపోయెనని పత్రికలో చదివి పుట త్రిప్పును. ఈ మువ్వురి మాటను ఒకచోటికి తెచ్చుటయే నేటి మా ప్రయత్నము. మేము చెప్పదలచిన దంతయు ఒక్క వాక్యములో నిమిడియున్నది: మనది గొప్ప మేడయే, కాని ఒంటిస్తంభపు మేడ.

మొదట లెక్కలు చూతము. 2024-25 ఆర్థిక సంవత్సరమున మన దేశము సుమారు 17 లక్షల టన్నుల మత్స్యసంపదను విదేశములకు పంపి 62 వేల కోట్ల రూపాయలకు పైగా ఆర్జించినది. ఇందు గడ్డకట్టించిన రొయ్యలు 7 లక్షల 41 వేల టన్నులు. వాని విలువ 43 వేల కోట్లకు మించినది. అనగా వచ్చిన ప్రతి మూడు రూపాయలలో రెండు రూపాయలకు పైగా ఒక్క రొయ్యయే తెచ్చినది. చేపలు, పీతలు, స్క్విడ్లు, కటిల్‌ఫిష్ మొదలగున వన్నియు కలిసి మిగిలిన భాగమును పంచుకొన్నవి. ఇక కొనువా రెవరు? ఆ రొయ్యలలో నూటికి 40 వంతులకు మించి అమెరికా సంయుక్తరాష్ట్రములకే పోయినవి. సరకు ఒకటి, కొనువాడు ప్రధానముగా ఒకడు. వర్తకశాస్త్రము చదువని పల్లెటూరి కోమటియైనను ఇట్టి దుకాణమునకు అప్పిచ్చుటకు ముందు ఒకింత ఆలోచించును.

ఈ వర్తకము నిన్న మొన్న పుట్టినది కాదు. పూర్వము మన తీరములనుండి ఎండురొయ్యలు బర్మాకును, సింహళమునకును పోవుచుండెడివి. 1953లో కొచ్చిననుండి మొదటిసారి గడ్డకట్టించిన రొయ్యలు అమెరికాకు ఓడనెక్కినవి. ఆ నాటినుండి ఎండుసరకు వెనుకబడి మంచుసరకు ముందునకు వచ్చినది. 1972లో సముద్రోత్పత్తుల ఎగుమతుల అభివృద్ధి సంస్థ కొచ్చిన్ కేంద్రముగా ఏర్పడినది. 1990వ దశకమున జపాను మనకు పెద్ద కొనుగోలుదారు. ఆ దినములలోనే మన నెల్లూరు మొదలు గోదావరీ తీరము వఱకు టైగరు రొయ్యల చెరువులు వెలసినవి. పైరుపొలములు చెరువులైనవి, పెంకుటిండ్లు మేడలైనవి. 1994, 1995 ప్రాంతమున తెల్లమచ్చ తెగులు వచ్చి చెరువులను తుడిచిపెట్టినది. 1996 డిసెంబరులో సుప్రీముకోర్టు తీరభూముల రక్షణకై రొయ్యలసాగును కట్టడిచేయుచు తీర్పు చెప్పినది. 1997లో ఐరోపా సమాజము శుభ్రత చాలదని మన సరకును నిషేధించినది. ఈ మూడు దెబ్బలును మూడు సంవత్సరములలో తగిలినవి.

పడిన వర్తకమును మఱల లేపినది వనామీ రొయ్య. ఇది మన సముద్రపు జీవి కాదు. దక్షిణ, మధ్య అమెరికాల పశ్చిమతీరపు జీవి. 2009లో దీని సాగునకు ప్రభుత్వము అనుమతి నిచ్చినది. త్వరగా పెరుగును, దట్టముగా పెంచవచ్చును. అందువలన పది సంవత్సరములలో దేశపు రొయ్యల చెరువులు చాలవఱకు దాని వశమైనవి. ఆ చెరువులలో అధికభాగము మన ఆంధ్రదేశముననే యున్నవి. విశాఖపట్టణము మత్స్యసంపద ఎగుమతి విలువలో దేశపు రేవులలో అగ్రస్థానమున కెక్కినది. ఇది మన రైతుల సాహసమునకు, కష్టమునకు నిదర్శనము. ఆ కీర్తిలో ఒక్క అణువును తగ్గింప మేము తలపెట్టలేదు.

కాని సోదరులారా, మేడ ఎత్తు చూచి మురియువాడు దాని పునాదిని గూడ చూడవలయును. 2005 మొదలు అమెరికా మన రొయ్యపై ధరతగ్గింపు నెపమున ప్రత్యేక సుంకము విధించినది. 2019లో తాబేళ్ల రక్షణ చాలదని మన సముద్రములో పట్టిన రొయ్యను నిషేధించినది. చెరువు రొయ్యకు మాత్రమే ద్వారము మిగిలినది. 2024లో మన ప్రభుత్వసహాయమును కారణముగా చూపి మఱియొక సుంకము చేర్చినది. 2025 ఏప్రిల్ 2వ తేదీన నూటికి 26 వంతుల క్రొత్త సుంకమును ప్రకటించినది. ఆ ప్రకటన వెలువడిన కొలది దినములలోనే మన చెరువుగట్టులపై ధర కూలినది. ఏప్రిల్ 9న ఆ సుంకమును వాయిదావేసిరి. కాని ఈలోపల తక్కువ ధరకు పట్టుబడి చేసి అమ్ముకొన్న రైతునకు పోయిన సొమ్ము ఎవరును వాయిదాలపై నైనను తిరిగి చెల్లింపలేదు. ఆగస్టు 7న 25 వంతులును, ఆగస్టు 27న దానిపై మఱి 25 వంతులును పడినవి. ఆ దినములలో మనతో పోటీపడు ఈక్వెడారు సరకుపై విధించినది 15 వంతులు మాత్రమే.

ఆ సుంకము పిమ్మట ఏ రూపము దాల్చినను మన వాదమునకు లోపము లేదు. నేడు ఎత్తిన కలము రేపు దించవచ్చును, ఎల్లుండి మఱల ఎత్తవచ్చును. వారి దేశపు సుంకము వారి యిష్టము. దానిని గూర్చి మనము నిందింపబని లేదు. మనము విచారింపవలసినది వేఱొకటి: వేలకొలది మైళ్ల యవతల ఒకరు చేసిన సంతకమునకు భీమవరము దాపున చెరువుగట్టుపై నున్న మన రైతు ఏల వణకవలయును?

ఏలయన, ఈ వర్తకమున ధరను నిర్ణయించు అధికారము అతనికి ఏ కొననను లేదు. పిల్లను హాచరీవాడు చెప్పిన ధరకు కొనును. మేత సాగుఖర్చులో సగమునకు మించినది. దానిని కంపెనీ చెప్పిన ధరకు, తఱచుగా అరువునకు, తెచ్చుకొనును. తెగులు సోకినదని అనుమానము కలిగినచో ఒక్క రాత్రి ఆగుటకు వీలులేదు. వచ్చిన ధరకు వల వేయించవలసినదే. కిలోకు వంద తూగు రొయ్యను వంద కౌంటందురు, ముప్పది తూగిన ముప్పది కౌంటందురు. ఆ కౌంటు లెక్కించువాడును కొనువాడే. తరుగు తీయువాడును కొనువాడే. అమ్మబోతే అడవి, కొనబోతే కొరివి యన్న సామెత ఇతనిని చూచియే పుట్టెనా యనిపించును. న్యాయవాదవృత్తిలో నున్న మా యెదుటికి వచ్చు రైతులలో పలువురకు చేతిలో ఒక రసీదైనను ఉండదు. చెరువు కౌలుదే, కాని కౌలుపత్రము లేదు. పత్రము లేనందున బ్యాంకు అప్పు లేదు, బీమా లేదు. నష్టము వచ్చినపుడు మాత్రము అతని పేరు అందఱ నోళ్లను వినవచ్చును. వ్రాత లేనిచోట న్యాయము మూగయగును.

రైతు తరువాత తొక్కతీయు స్త్రీని గూర్చి చెప్పవలయును. చల్లనినీటిలో చేతులుంచి దినమెల్ల రొయ్యల తలలు త్రుంచు ఆ సోదరీమణుల శ్రమయే ఈ ఎగుమతికి ఆధారము. 2024లో అమెరికా పత్రికలలో మన శాలలలోని కూలీల దుస్థితిని గూర్చి వ్రాతలు వెలువడినవి. వానిని చదివి పరదేశీయుల అసూయయని త్రోసివేయుట సులభము. కాని మన యింటి ఆడబిడ్డ చేతిపుండును పరులు చూపకముందే మనము చూడవలసియుండెను గదా!

ఇక సముద్రపు వైపు చూతము. స్క్విడ్ అనునది మెత్తని దేహమును, తలచుట్టు పది చేతులును గలిగి, శత్రువును చూచినంతనే సిరావంటి నల్లని ద్రవమును చిమ్ము జీవి. దానికి చుట్టమే కటిల్‌ఫిష్. ఆయుర్వేదమున సముద్రఫేనమని వాడునది దీని వీపులోని తెల్లని పెంకే. ఈ రెండింటిని మనవారు అంతగా భుజింపరు. స్పెయిను, ఇటలీ దేశములలో అవి ప్రియమైన భోజ్యములు. గుజరాతునుండి కేరళము వఱకు గల పశ్చిమతీరపు పడవలే వీనిని ఎక్కువగా పట్టుచున్నవి. ఎగుమతి విలువలో రెండును కలిసి నూటికి పది వంతులకు లోపే. అయినను రొయ్యకు లేని గుణ మొకటి వీనికి కలదు. ఇవి ప్రధానముగా వేఱొక ద్వారమున పోవు సరకు. అమెరికా తలుపు మూసినను ఐరోపా తలుపు తెఱచియుండును. రెండవ స్తంభము కాదగిన వస్తువిది.

కాని ఈ స్తంభమును మనమే కొఱుకుచున్నాము. స్క్విడ్ ఆయుర్దాయము ఇంచుమించు ఒక్క సంవత్సరము, గ్రుడ్లుపెట్టి చనిపోవును. ఈయేటి గ్రుడ్డే వచ్చేటి సరకు. రాత్రులు పెద్దదీపములు వెలిగించి, వెలుగునకు మూగిన జీవులను పెద్దా పిన్నా అనక ఊడ్చు పద్ధతిని కేంద్రప్రభుత్వము 2017లో నిషేధించినది. తూర్పుతీరమున ఏప్రిల్ 15 మొదలు జూన్ 14 వఱకును, పశ్చిమతీరమున జూన్, జూలై మాసములును యంత్రపు పడవల వేట నిలుపవలెనను కట్టడి కలదు. ఈ 61 దినములు సముద్రమునకు మనము పెట్టు ఉపవాసము కాదు, మన బిడ్డలకు దాచు ధాన్యము. దొంగదీపములవాడు తన పొరుగువాని విత్తనపుగాదెకు కన్నము వేయుచున్నాడు.

గతచరిత్రలో దీనికి తగిన పాఠము కలదు. కడప, నెల్లూరు మండలములలో నీలిమందు విరివిగా పండినకాలము మన తాతలు చూచినదే. పరదేశపు అంగళ్ల కొఱకే ఆ పంట. 1897లో జర్మనీ రసాయనశాలలు కృత్రిమ నీలిని అమ్మకమునకు తెచ్చినవి. కొలదికాలములో నీలితొట్లు ఎండిపోయినవి. రైతు చేసిన తప్పేమియు లేదు. అతని పంటకు స్వదేశమున మఱియొక గిరాకి లేకపోవుటయే అతని దురదృష్టము.

కావున కర్తవ్యమేమి? మొదటిది, గిరాకిని విస్తరించుట. 2025 ఆగస్టు దెబ్బ తరువాత మన ఎగుమతిదారులు చైనాకును, వియత్నామునకును, ఐరోపాకును మునుపటికంటె ఎక్కువగా పంపిరి. అవసరము నేర్పిన ఆ పాఠమును అవసరము తీరినపిదప మఱువరాదు. వియత్నాము మన రొయ్యనే కొని, వంటకు సిద్ధముచేసి ఇతరులకు అమ్ముచున్నది. ఆ పని మన రేవులలో ఏల జరుగరాదు? 2016 మొదలు ఐరోపావారు మన చెరువు సరకులో ప్రతి రెండు పంపకములలో ఒకదానిని పరీక్షింపసాగిరి. నిషిద్ధౌషధములు కలిపిన ఒక్క చెరువు వేయి చెరువుల పరువు తీయును.

రెండవది, స్వదేశపు విస్తరి. మన చెరువు రొయ్యలలో మనము తినునది అత్యల్పము. కోడిగ్రుడ్ల రైతులు 1982లో డాక్టరు బి. వి. రావు గారి నాయకత్వమున జాతీయ సమన్వయసంఘముగా నేర్పడి, ధరను తామే ప్రకటించుకొని, గ్రుడ్డును ఇంటింటి ఆహారముగా చేసిరి. వారు చేసినది రొయ్యలరైతు చేయలేడా? హైదరాబాదు, బెంగుళూరు, నాగపురములకు మంచుపెట్టెలలో సరకు చేరు ఏర్పాటుండిన, అమెరికా ధర కూలిన దినమున రైతు నిలుచుటకు ఒక గట్టు దొరకును.

మూడవది, స్వదేశపు విత్తు. వనామీ తల్లిరొయ్యలు హవాయి, ఫ్లారిడా మొదలగు చోట్లనుండి విమానములలో వచ్చి, చెన్నై చెంత నీలాంకరై పరీక్షాలయము దాటి మన హాచరీలకు చేరినవి. ఈక్వెడారు రైతులు 1999లో తెల్లమచ్చ తెగులువలన నాశనమై, బ్రతికిన రొయ్యలనే ఏరి తరతరములుగా పెంచి, తమ విత్తును తామే చేసికొనిరి. 2023లో వారి ఎగుమతి 12 లక్షల టన్నులు దాటినది. మన సముద్రపు తెల్లరొయ్యను వృద్ధిచేయుటకు చెన్నైలోని ఉప్పునీటి సాగు పరిశోధనాసంస్థ పాటుపడుచున్నది. ఆ కృషికి రైతులు తమ చెరువుల నిచ్చి తోడ్పడవలయును.

నాలుగవది, అన్నింటికి మూలము, సంఘము. తూకపుచీటీ లేనిదే బండి కదలనీయరాదని ఒక్క గ్రామములోని రైతులందఱు నిశ్చయించుకొన్నచో దానిని కాదనగల వర్తకుడు లేడు. కౌలుపత్రము వ్రాయించుటకును, లెక్కలు చూచుటకును చదువుకొన్నవారు కావలయును. ఈ పఠనాలయమున పత్రికలు చదువు మీరే ఆ చదువుకొన్నవారు. నెలకొక దినము ఒక గ్రామమునకు పోయి ఆ పని చేయుదుమని మీలో పదుగురు ఈ సాయంకాలము పేరులిచ్చినచో, మా ఉపన్యాసము సఫలమైనట్లే. పత్రములు వ్రాయు పని మా భాగము. అందులకు మేము రుసుము గొనము.

పరీక్షిన్మహారాజు తక్షకునికి వెఱచి ఒంటిస్తంభపు మేడలో దాగెనని మన పెద్దలు చెప్పుదురు. ఆ మేడ అతనిని కాపాడలేదు. మనము మేడను కూల్చుకొనబని లేదు. దానిక్రింద మఱి మూడు స్తంభములు నిలుపుదము.