మద్యనిషేధము – ప్రజల మాట

(రజతోత్సవ సభలో చేసిన ఉపన్యాస పాఠము)



ప్రజలే ప్రభువులైన చోట ప్రజలకు నచ్చని శాసనము ఎట్లు పుట్టును? పుట్టినచో ఎంతకాలము నిలుచును? దానిని త్రోసివేయుటకు ఏ త్రోవ గలదు? రాజుల నాడు ఈ ప్రశ్నకు తావులేదు. శిస్తు హెచ్చినచో రైతు ఊరు విడిచి పోవుటయో, దివాణపు వాకిట మొరపెట్టుకొనుటయో తప్ప వేరు దారి యుండెడిది కాదు. ఓటు వచ్చిన పిదప దారులు పెరిగినవి. అయితే అన్ని దేశములలోను అవి ఒక్కతీరుగా లేవు. ఈ భేదమును మాటలలో వివరించుటకంటె తెలుగువారు స్వయముగా అనుభవించిన ఒక శాసనమును పట్టుకొని చూచుట మేలు. అట్టిది మద్యనిషేధము. దానిని పెట్టినప్పుడు కొందరు ఏడ్చిరి, తీసినప్పుడు మరికొందరు ఏడ్చిరి. ఒక మంత్రివర్గమే దానిమీద కూలిపోయినది.

ఈ కథ 1937లో మొదలైనది. మద్రాసు రాష్ట్ర ప్రధానిగా రాజగోపాలాచారిగారు ఆ యేడు సేలము జిల్లాలో మద్యనిషేధమును ఆరంభించి, మరుసటి యేడు దానిని చిత్తూరు, కడప జిల్లాలకు విస్తరింపజేసిరి. త్రాగుడు పోవుట బాగే. కాని ఖజానాకు వచ్చెడి ఆబ్కారీ సొమ్ము మాట యేమి? ఆ లోటు పూడ్చుటకై 1939లో అమ్మకపు పన్ను వచ్చినది. ఈనాడు బజారులో కొన్న వస్తువులమీద పన్ను కట్టువారిలో ఎందరికో ఆ పన్నుకు మద్యనిషేధముతో చుట్టరికమున్నట్లు తెలియదు. ఒక నిర్ణయపు ఖర్చు మరియొక నిర్ణయము రూపమున, మరియొకరి నెత్తిన వచ్చి పడుట పరిపాలనలో సామాన్యము. యుద్ధకాలమున గవర్నరు పాలనలో నిషేధము సడలినది. స్వాతంత్ర్యము వచ్చిన పిదప 1948 అక్టోబరు 2వ తేదీనాటికి మద్రాసు రాష్ట్రమంతటను అది అమలులోనికి వచ్చినది.

1953 అక్టోబరు 1న ఆంధ్రరాష్ట్రము ఏర్పడినపుడు అప్పులతోపాటు ఆ నిషేధమును కూడ వారసత్వముగా తెచ్చుకొన్నది. కర్నూలు రాజధాని. టంగుటూరి ప్రకాశం పంతులుగారు ముఖ్యమంత్రి. క్రొత్త రాష్ట్రమునకు చేతిలో పైకము లేదు. తాటిచెట్టే ఆధారముగా బ్రతుకు గీత కార్మికులకు పనిలేదు. దొంగచాటు సారా మాత్రము ఆగలేదు. పరిశీలనకై ప్రభుత్వమే ఎస్. వి. రామమూర్తిగారి అధ్యక్షతను ఒక సంఘమును వేసినది. నిషేధమును తొలగించుట మంచిదని ఆ సంఘము చెప్పినది. ప్రభుత్వము ఆ మాటను అంగీకరింపలేదు. గీత కార్మికులు సత్యాగ్రహమునకు దిగిరి. గౌతు లచ్చన్నగారు వారి పక్షమున నిలిచిరి. 1954 నవంబరు 6న శాసనసభలో ప్రభుత్వము అవిశ్వాస తీర్మానమునకు లోనై, 69కి 68గా, ఒకే ఒక్క ఓటు తేడాతో ఓడిపోయినది.

బ్రిటిషు పద్ధతి ననుసరించిన శాసనసభలలో నచ్చని నిర్ణయమునకు ఇదియే రాజమార్గము. సభ విశ్వాసము కోల్పోయిన మంత్రివర్గము దిగిపోవలెను. బాగున్నది. మరి తరువాత నేమైనది? రాష్ట్రపతి పాలన వచ్చినది. 1955 ఫిబ్రవరిలో ఎన్నికలు జరిగినవి. ఆ ఎన్నికలలో తాటిచెట్టును గూర్చి తలచినవారు బహు స్వల్పము. కమ్యూనిస్టులు అధికారమునకు వత్తురా రారా అనునదే ఊరూర వినవచ్చిన చర్చ. కాంగ్రెసు కూటమి గెలిచినది. బెజవాడ గోపాలరెడ్డిగారు ముఖ్యమంత్రి అయిరి. ఏ ప్రశ్నమీద మంత్రివర్గము కూలినదో ఆ ప్రశ్నకు ప్రజలు ఇచ్చిన జవాబేదో ఆ ఓట్ల పెట్టెలలో వెదకినను దొరకదు. 1956లో తెలంగాణ జిల్లాలు కలిసిన పిమ్మట విచిత్రము మరింత పెరిగినది. ఒకే రాష్ట్రమున ఒకవైపు నిషేధము, మరొకవైపు నిజాముల కాలమునుండి సాగుచున్న ఆబ్కారీ.

ఇదే చిక్కు ఇతర దేశములకును వచ్చినది. అమెరికావారు తమ రాజ్యాంగములోనే మద్యనిషేధమును చేర్చిరి. 1919 జనవరి 16న ఆ సవరణకు తగినన్ని రాష్ట్రముల ఆమోదము లభించినది. ఏడాదికి అది అమలునకు వచ్చినది. పదునాలుగేండ్లు తిరుగకమునుపే జనము విసిగిపోయిరి. దొంగసారా ముఠాలు నగరములనే ఏలుచుండెను. రాజ్యాంగమున చేరినదానిని తీయవలెనన్న మరల రాజ్యాంగ సవరణయే కావలెను. రాష్ట్రముల శాసనసభలకు పంపినచో జాప్యమగునని తలచి, ప్రతి రాష్ట్రమునను ఈ ఒక్క ప్రశ్నకై ప్రత్యేక సభలను సమావేశపరచిరి. ఆ సభలకు ప్రతినిధులను ఎన్నుకొనునపుడు ఓటరు ఎదుట ఉన్నది ఒకటే మాట: నిషేధము ఉండవలెనా, వలదా? 1933 డిసెంబరు 5న నిషేధము రద్దైనది. అమెరికా చరిత్రలో ఈ ప్రత్యేక సభల పద్ధతిని సవరణకు వాడుట ఆ ఒక్కసారియే.

నార్వేలో 1919న ప్రజల ఓటుతోనే నిషేధము స్థిరపడి, 1926న మరల ప్రజల ఓటుతోనే పోయినది. ఫిన్లండులో 1931 చివరన ప్రజల నడిగిరి. నూటికి డెబ్బదిమంది వరకు వలదనిరి. మరుసటి వసంతమున దుకాణములు తెరచిరి. స్విట్జర్లండు పద్ధతి ఇంకను ముక్కుసూటి. చట్టసభ చేసిన చట్టము నచ్చనిచో నూరు దినములలో ఏబదివేల సంతకములు కూర్చినవారు దానిని దేశమంతటి ఓటునకు లాగవచ్చును. ఆ ప్రజలు 1908లో ఆబ్సింతు అను ఘాటైన సారాను తమంతట తామే ఓటువేసి నిషేధించుకొనిరి. ఈ పద్ధతికి లోపములు లేవనరాదు. ఆ దేశమున మగవారు స్త్రీలకు జాతీయ ఓటుహక్కు ఇచ్చుటకు ఇదే ఓటు పద్ధతిలో 1959లో నిరాకరించి, 1971వరకు ఒప్పుకొనలేదు. జనవాక్యము అనగానే అది ధర్మవాక్యమగునని తలచరాదు. అయినను ఒక ప్రశ్నకు ఒక జవాబు అను సౌకర్యము దానిలో గలదు.

భారత రాజ్యాంగమున ఆ సౌకర్యము లేదు. మద్యపానమును నిషేధించుటకు రాజ్యము పాటుపడవలెనని 47వ అధికరణము చెప్పుచున్నది. కాని అది ఆదేశసూత్రము, న్యాయస్థానమున పట్టుబట్టి అమలు చేయించుకొన గలిగినది కాదు. ప్రజలకున్నది అయిదేండ్లకొక ఓటు. ఆ ఒక్క ఓటులో నూరు ప్రశ్నలు మూటగట్టబడి యుండును.

ఇందుకు ఉదాహరణగా సికింద్రాబాదులోని పద్మారావు నగర్ పేటలో ఒక ఇల్లాలిని ఊహించుకొనుడు. స్కందగిరి సుబ్రహ్మణ్యేశ్వరుని కోవెల యున్న పేట అది. 1994 చివర ఆమె ఓటు వేయుటకు బయలుదేరినది. తెలుగుదేశము పార్టీ కిలో రెండు రూపాయల బియ్యము, సేద్యపు మోటారుకు అశ్వశక్తికి ఏబది రూపాయల కరెంటు, సంపూర్ణ మద్యనిషేధము అను మూడింటిని వాగ్దానము చేసినది. ఆమెకు సేద్యము లేదు. నిషేధము కావలెను. ఓటు వేసినది. అదే ఇల్లాలు 1999లో మరల వరుసలో నిలిచినది. ఈ నడుమ 1995 జనవరి 16న వచ్చిన సంపూర్ణ నిషేధమును అదే పార్టీ ప్రభుత్వము 1997 ఏప్రిల్ 1నుండి సడలించినది. ఆమెకు కోపము లేకపోలేదు. కాని ఆనాడు ఢిల్లీ ప్రభుత్వమును గూర్చిన ఎన్నిక కూడ జోడైనది, పొదుపు సంఘములున్నవి, గ్యాసు పొయ్యిల పథకము వచ్చినది, అభ్యర్థి మంచిచెడ్డలున్నవి. ఆమె మీట ఎటు నొక్కినను, అందులో సారా విషయమైన కోపమెంతయో పైవారు కొలుచుట ఎట్లు? ఆ ఎన్నికలలో చంద్రబాబు నాయుడుగారి ప్రభుత్వమే మరల గెలిచినది. నిషేధమును తీసివేయుట ప్రజలకు సమ్మతమైనదని దీనినిబట్టి వాదించినవారు తొందరపడిరనియే చెప్పవలెను.

ఓటులో విడదీయరాని ఆ ఒక్క ప్రశ్నను వీధిలో విడదీసినవారు నెల్లూరు జిల్లా స్త్రీలు. ఈ కథ గ్రంథాలయ సభలో చెప్పదగినది. ఏలనన అది పలకా బలపములనుండి పుట్టినది. 1990 తరువాత ఆ జిల్లాలో అక్షరదీపమను సంపూర్ణ అక్షరాస్యతా ఉద్యమము నడచినది. రాత్రిపూట దీపముల క్రింద కూలి స్త్రీలు చదువు నేర్చుకొనిరి. సారా వలన చెడిన సంసారమును గూర్చియు, ఆడవారు కూడి దుకాణము మూయించుటను గూర్చియు ఆ వాచకములలో పాఠమున్నది. దూబగుంటలో స్త్రీలు పాఠము చదివి ఊరకుండలేదు. వర్ధినేని రోశమ్మగారు మున్నగువారు ముందునడువగా ఊరిలో సారా అమ్మకము ఆపించిరి. ఆ వార్త ఊరినుండి ఊరికి ప్రాకినది. ప్రభుత్వమే వారుణి వాహిని పేరున సారాను సంచులలో నింపి ఊరూరికి చేర్చుచున్న రోజులవి. రాష్ట్ర ఆబ్కారీ రాబడి 1970–71లో 39 కోట్ల రూపాయలుగా నున్నది 1991–92 నాటికి 800 కోట్లు దాటినది. ఆ రాబడికి మూలము వేలంపాట. 1992లో స్త్రీలు వేలంపాటనే అడ్డగించిరి. నెల్లూరులో పాట మాటిమాటికి వాయిదా పడినది. శాసనసభలో ఒక్క ఓటుకోసము లెక్కలు కట్టు పనిలేకుండ, సర్కారు రాబడి పుట్టుచోటనే వారు చేయి పెట్టిరి. కోట్ల విజయభాస్కరరెడ్డిగారి ప్రభుత్వము 1993 ఏప్రిల్‌లో నెల్లూరు జిల్లాలోను, అక్టోబరు 1నుండి రాష్ట్రమంతటను సారాను నిషేధించినది. మరుసటి యేడు నందమూరి తారకరామారావుగారు ప్రమాణ స్వీకారముననే సంపూర్ణ నిషేధపు దస్త్రముమీద సంతకము చేసిరి.

ఈ రెండు నిషేధములలో ఏది నిలిచినది? పైనుండి ఒక్క సంతకముతో వచ్చినది రెండేండ్ల పైచిల్లర బ్రతికినది. ఖజానాకు లోటు, పొరుగు రాష్ట్రములనుండి దొంగరవాణా అను కారణములు చెప్పి దానిని తీసివేసిరి. 1939లోవలె లోటు పూడ్చుకొను వేరొక దారిని నిబ్బరముగా ముందే చెప్పి యుండినచో కథ ఎట్లుండెడిదో! బియ్యము ధర 1996లో మూడున్నర రూపాయలకు పెంచిరి, కాని అదియు చాలలేదు. ఊరూర స్త్రీలు గెలుచుకొన్న సారా నిషేధమును మాత్రము 1997లోను ముట్టుకొనుటకు సాహసింపలేదు. దానిని ఎవరు, ఎందుకు, ఎంత కష్టముతో సాధించిరో ప్రతి ఊరికిని తెలియును. అట్లని స్త్రీలు కోరినదంతయు దక్కినదని చెప్పుట అసత్యము. సారాసంచి పోయిన చోటికి చవుక సీసా వచ్చినది. పేరు మారినది గాని కూలిడబ్బు పోవుట మానలేదు. ఆంధ్రప్రదేశ్‌లో 2019లో దశలవారీ నిషేధమును మాట యిచ్చిన ప్రభుత్వము దుకాణములను తానే నడిపినది. సంపూర్ణ నిషేధము మాత్రము రాలేదు. 2024లో అధికారము మారిన పిమ్మట దుకాణములు తిరిగి ప్రైవేటు వ్యాపారుల చేతికి పోయినవి.

ఒక్క ప్రశ్నకు ఒక్క జవాబు అను దారి ఈ దేశమున బొత్తిగా లేదా అనినచో, కొన్ని చోట్ల గలదు. 1996లో పార్లమెంటు చేసిన చట్టము షెడ్యూలు ప్రాంతముల గ్రామసభలకును పంచాయతీలకును మత్తుపదార్థముల అమ్మకమును అదుపుచేయుటకు, ఆపుటకు అధికారమీయవలెనని చెప్పినది. భద్రాచలము, ఉట్నూరు, పాడేరు మన్యముల గూడెములవారికి ఆ అధికారము పుస్తకముననైనను ఉన్నది. అమలు వేరు కథ. మరియొకటి పొరుగునున్న మహారాష్ట్రలో. అచట ఒక పల్లెలోగాని నగరపు వార్డులోగాని తగినంతమంది స్త్రీలు కోరినచో ఆ దుకాణమును గూర్చి మాత్రమే ఓటింగు పెట్టుదురు. కాగితముమీద రెండు బొమ్మలుండును. నిలువుగానున్న సీసా, అడ్డముగా పడిన సీసా. ఓటరులైన స్త్రీలలో సగముమంది పడిన సీసాకు ఓటు వేసినచో దుకాణము మూయవలెను. రానివారి ఓటు దుకాణముకే పోయినట్లు. కనుక గెలుచుట సులభము కాదు, పొలము పనులు మాని స్త్రీలు బారులు తీరవలెను. పద్మారావు నగర్ ఇల్లాలికి ఆ రెండు సీసాల కాగితము లేదు. తన వీధి చివర దుకాణము వచ్చునపుడు బడికి, గుడికి ఎంత దూరమున ఉన్నదని కొలిపించి అర్జీ పెట్టుకొనుట మాత్రము ఆమె చేతనున్నది.