అల్లం సీసా చెప్పిన పాఠం



ఆమధ్య ఒక సాయంత్రం మా పైవాటాలో ఉండే అమ్మాయి చిన్నబుచ్చుకున్న ముఖంతో వచ్చింది. మూడో క్లాసు చదివే కొడుకుచేత పాఠం చదివిస్తూ ఒక మాట దగ్గర తను ‘గింగర్’ అందట. వాడు పకపకా నవ్వి, “అమ్మకి ఇంగ్లీషు రాదు, జింజర్ అనాలి” అని ఇంటికొచ్చిన చుట్టాల ముందు అనేశాడట.

“ఇక వాడి పక్కన కూర్చోను పిన్నిగారూ, ట్యూషన్ పెట్టించేస్తాం” అంది.

తెలుగు మీడియంలో చదివి స్కూలు ఫస్టు వచ్చిన పిల్ల! ఆ కుర్రాడికి ఎక్కాలూ, ఓనమాలూ నేర్పింది ఈమే. ఇప్పుడు పుస్తకం మూసేస్తే వాడికి పోయేది ఒక్క ఇంగ్లీషు మాట కాదు. ‘అమ్మకేం తెలుసు’ అన్న మాట వాడి మనసులో నాటుకుపోతుంది. అదీ నా బాధ.

ఆ అమ్మాయిని వంటింట్లోకి తీసుకెళ్ళి, బజారులో కొన్న అల్లం వెల్లుల్లి ముద్ద సీసా చేతికిచ్చాను. దానిమీద ‘జింజర్ గార్లిక్ పేస్ట్’ అని ఉంది. జింజర్, గార్లిక్, రెండూ ‘జి’ అనే అక్షరంతోనే మొదలవుతాయి గదా! మరి ఒకచోట ‘జ’, ఇంకోచోట ‘గ’ ఎందుకైనట్టు?

కిటుకు ఆ అక్షరంలో లేదు, దాని తరవాతి అక్షరంలో ఉంది. తరవాత ‘ఇ’, ‘ఐ’, ‘వై’ అనే మూడింటిలో ఏదైనా వస్తే ‘జి’ మెత్తబడి ‘జ’ అవుతుంది. మరేది వచ్చినా, ఏదీ రాకపోయినా గట్టిగా ‘గ’. జింజర్‌లో మొదటి ‘జి’ తరవాత ‘ఐ’, రెండో దాని తరవాత ‘ఇ’. గార్లిక్‌లో ‘ఎ’. అంతే! ఈ గట్టి, మెత్తనలకూ మన వ్యాకరణంలోని పరుషాలు, సరళాలకూ సంబంధం లేదు. రెండింటినీ కలిపి తికమక పడకండి.

‘సి’ అక్షరానికీ ఇదే సూత్రం. మెత్తగా ‘స’, గట్టిగా ‘క’. పోపుల పెట్టె ముందు పెట్టుకోండి. దాల్చినచెక్కను సినమన్ అంటారు. ‘సి’ తరవాత ‘ఐ’ ఉంది కనుక ‘స’. ఏలకులు కార్డమమ్, ధనియాలు కొరియాండర్, జీలకర్ర క్యుమిన్, లవంగం క్లోవ్. వీటిలో ‘సి’ తరవాత వరసగా ఎ, ఓ, యు, ఎల్ ఉన్నాయి కనుక అన్నీ ‘క’లే. సర్కస్, సైకిల్ అనే మాటల్లో రెండేసి ‘సి’లుంటాయి. మొదటిది మెత్తన, రెండోది గట్టి. పిల్లలచేత ఇవి రాయించి చూడండి, సూత్రం ఇట్టే పట్టుబడుతుంది.

ఎందుకిలా అంటారా? ఒకసారి ‘ఇ’, ‘ఎ’ అని పలికి చూడండి. నాలుక ముందుకు వస్తుంది. ‘క’, ‘గ’లు నోటి వెనకభాగంలో పుట్టేవి. వెంట ‘ఇ’ గాని ‘ఎ’ గాని ఉంటే అవి కూడా ముందుకు జారుతాయి. ప్రాచీన లాటిన్‌లో ‘సి’ ఎప్పుడూ ‘క’యే. అది కాలక్రమాన అలా జారి ఫ్రెంచిలో ‘స’ అయింది. 1066లో నార్మన్లు ఇంగ్లండును జయించాక ఫ్రెంచి మాటలూ, వాళ్ళ రాత పద్ధతీ ఇంగ్లీషులో చేరాయి.

ఇదేదో వాళ్ళ వింత అనుకోకండి. కన్నడంవారు కివి అనేదాన్ని మనం చెవి అంటాం. తమిళులకు కిళి, కన్నడిగులకు గిళి అయిన పక్షి మనకు చిలుక. వెనకటి ‘క’ కాస్తా ‘ఇ’, ‘ఎ’ల ముందు మన నోట ‘చ’గా మారింది. మనం పలికినట్టే రాసుకుంటున్నాం, వాళ్ళు పాత అక్షరమే ఉంచుకున్నారు. తేడా అంతే!

ఇక మినహాయింపులు. ‘సి’ చాలావరకు మాట తప్పదు. స్పెషల్, ఓషన్ లాంటి చోట్ల మాత్రం ‘ష’ అవుతుంది. ‘జి’ కాస్త పెంకిది. గెట్, గివ్, గిఫ్ట్‌లలో ‘ఇ’, ‘ఐ’ ఉన్నా గట్టిగానే పలుకుతుంది. ఇంగ్లండులో స్థిరపడిన వైకింగుల భాష ప్రభావం అది. గెస్ట్, గైడ్‌లలో ‘జి’ పక్కన ‘యు’ని కాపలా పెట్టారు. అది పలకదు, ‘జి’ని మెత్తబడనివ్వదు. మన స్నానాలగదిలోని గీజరు సంగతీ చెప్పాలి. ‘జి’ తరవాత ‘ఇ’ ఉన్నా అది గీజరే. ఐస్‌లాండులోని ఒక వేడినీటి ఊట పేరది.

మొన్న ఆ కుర్రాడు గీజరు మీది అక్షరాలు కూడబలుక్కుని ‘జీజర్’ అన్నాడట. వాళ్ళమ్మ నవ్వలేదు. “సూత్రం ప్రకారం నువ్వన్నది రైటే నాన్నా! కాని ఇది ఐస్‌లాండు నుంచి వచ్చిన చుట్టం, మన సూత్రం వినదు” అందట.

“నీకెలా తెలుసమ్మా?” అని వాడు నోరు తెరిచాడట.

ట్యూషన్ మాట ఆమె మళ్ళీ ఎత్తలేదు. పిల్లలు తప్పు చదివితే మనం నవ్వకుండా ఉంటే, మనం తప్పు చదివినప్పుడు వాళ్ళూ నవ్వరు. ఈ సాయంత్రం మీరూ పుస్తకం తెరిచి వాళ్ళ పక్కన కూర్చోండి.

సెలవు.