గుడ్లురిమిన మాచ్చాన్

'గోకెత్సు జిరాయియా' 1921లో వచ్చిన జపాన్ మూకీ చిత్రం. ఇవాళ చూడటానికి దొరికేది ఇరవై నిమిషాల పైచిలుకు మాత్రమే. అందులో శత్రువులు చుట్టుముట్టగానే కథానాయకుడు వేళ్ళు ముడివేసి మంత్రం పఠిస్తాడు. మరుక్షణం ఆ చోట మనిషి ఉండడు, పెద్ద కప్ప ఉంటుంది. కెమెరా ఆపి, మనిషిని తప్పించి, కప్పవేషాన్ని నిలబెట్టి మళ్ళీ తిప్పారని ఎవరైనా పసిగట్టగలరు. అయినా ఒళ్ళు జలదరిస్తుంది. విఠలాచార్య సినిమాలు చూసి పెరిగినవారికి ఆ ఆనందం గురించి వేరే చెప్పనక్కరలేదు. జపాన్ యానిమే 'నరుటో' చూసే పిల్లలకైతే జిరాయియా, ఒరోచిమారు, త్సునాదే పేర్లు కొట్టినపిండి. ఆ పేర్లకు మూలం ఈ పాత జానపదమే.

ఆ వేషం కట్టినవాడు ఓనోయె మత్సునొసుకె, జపాన్ తెరకు తొలి తార. నాటకాల వాసన వదలని పాతకాలపు నటుడని ఆయన్ని తీసిపారేయడం చాలాకాలంగా సాగుతోంది. ఆ తీర్పును తిరగదోడటానికే ఈ స్మారకోపన్యాసం.

ఆయన 1875 సెప్టెంబరు 12న ఒకాయామాలో పుట్టాడు. చిన్ననాడే రంగస్థలమెక్కి, ఊరూరా తిరిగే కబుకీ సమాజాల్లో పెరిగాడు. క్యోటోలో సెంబోన్-జా అనే నాటకశాల నడుపుతున్న మకినో షోజో కంట పడటంతో ఆయన దశ తిరిగింది. యొకొటా సంస్థ కోసం మకినో సినిమాలు తీసేవాడు. 1909లో మత్సునొసుకెను తొలిసారి కెమెరా ముందు నిలబెట్టింది ఆయనే. 1912లో నాలుగు సంస్థలు కలిసి నిక్కత్సుగా ఏర్పడేసరికి, ఆ కొత్త సంస్థకు కొంగుబంగారం మత్సునొసుకెయే.

కబుకీలో ఉద్వేగం పతాకస్థాయికి చేరినప్పుడు నటుడు ఒక భంగిమలో బిగుసుకుపోయి గుడ్లురిమి చూస్తాడు. దాన్ని 'మియె' అంటారు. మత్సునొసుకె పొట్టివాడు, కళ్ళు మాత్రం పెద్దవి. ఆయన తెరమీద ఆ చూపు చూసేసరికి జనం 'మెదమా నో మాచ్చాన్' అని ముద్దుపేరు పెట్టేశారు. కనుగుడ్ల మాచ్చాన్ అని అర్థం; మాచ్చాన్ అంటే మత్సునొసుకెకు ముద్దు రూపం. విమర్శకులు తప్పుపట్టింది కూడా ఆ కళ్ళనే, సినిమాకు అంత అతి పనికిరాదని. కానీ ఆనాటి కెమెరా కదిలేది కాదు. నటుణ్ణి నిలువెల్లా చూపిస్తూ దూరంగా నిలబడేది. ముఖాన్ని దగ్గరగా చూపే షాట్లు దాదాపు లేవు. హాలు చివరి వరుసలో కూర్చున్నవాడికి వీరుడి కోపం చేరాలంటే ఆ కళ్ళే దిక్కు. కెమెరా చేయలేని పనిని ఆయన ఒంటితో చేసి చూపించాడు. దాన్ని లోపమనడం అన్యాయం.

మాటల సంగతి వేరు. తెర పక్కన బెన్షీలు ఉండేవారు. ఒక్కొక్క పాత్రకు ఒక్కొక్కరు గొంతు అరువిచ్చేవారు. స్త్రీ పాత్రలకు ఆడవేషం కట్టే మగవాళ్ళే దిక్కు.

1910 ప్రాంతాల్లో మకినో తీసిన 'చూషింగురా' అదృష్టవశాత్తూ మిగిలింది. నలభై ఏడుగురు సమురాయిలు తమ ప్రభువు చావుకు ప్రతీకారం తీర్చుకున్న కథ అది. అందులో కడుపు చీల్చుకుని చనిపోయే ప్రభువు అసానోగా వేసింది మత్సునొసుకెయే, ఆ చావుకు బదులు తీర్చే సమురాయిల నాయకుడు ఒయిషిగా వేసింది కూడా ఆయనే. పైగా మూడో వేషమొకటి. ప్రభువుగా ఉన్నప్పుడు లేత మనిషిలా తొణికిపోతాడు, ఒయిషిగా మారేసరికి నడకలోనే బరువు వస్తుంది. ఆయన నటన ఒకే మూస అన్నవాళ్ళు ఈ రెండు నడకలనూ పక్కపక్కన పెట్టి చూడాలి.

పదిహేడేళ్ళలో వెయ్యికి పైగా చిత్రాలు. వారానికొకటికన్నా ఎక్కువే. తొలినాళ్ళ చిత్రాలు చాలావరకు పొట్టివైనా, ఆ పరుగు తలుచుకుంటేనే ఆయాసం వస్తుంది.

1921లో మకినో నిక్కత్సును వదిలి సొంత దారి పట్టాడు. కొత్తతరం వచ్చింది. 1925 నాటి 'ఒరోచి'లో బాందో త్సుమసబురో చేసిన కత్తియుద్ధంలో కబుకీ నాట్యం లేదు. అది ప్రాణం మీదికొచ్చినవాడి పెనుగులాట. మత్సునొసుకె మాత్రం చేతులు ముడుచుకు కూర్చోలేదు. అదే ఏడాది వెయ్యి చిత్రాల జ్ఞాపకంగా 'అరాకి మతాఎమోన్' చేశాడు, జనం విరగబడి చూశారు. సంపాదించినదాంట్లోంచి క్యోటో పేదల ఇళ్ళకోసం పెద్ద మొత్తాలు దానమిచ్చాడు.

మరుసటి ఏడు షూటింగులోనే గుండెజబ్బుతో కుప్పకూలాడు. 1926 సెప్టెంబరు 11న, యాభై ఒకటో పుట్టినరోజుకు ఒక్కరోజు ముందు, కన్నుమూశాడు. అంతిమయాత్ర చూడటానికి రెండు లక్షలమంది వచ్చారని చెబుతారు.

వెయ్యి చిత్రాల్లో ఇవాళ దాదాపు పూర్తిగా చూడదగ్గవి వేళ్ళమీద లెక్కపెట్టవచ్చు. మంటకు ఇట్టే అంటుకునే నైట్రేట్ రీళ్ళు, అరిగిపోగానే పారేసే అలవాటు, భూకంపం, యుద్ధం కలిసి మిగతావాటిని మింగేశాయి. ఆయన్ని తీసిపారేసినవారిలో చాలామంది ఆ మిగిలిన గుప్పెడు చూసే తీర్పు చెప్పారు. క్యోటోలో కామో నది దగ్గరి పార్కులో 1966లో నెలకొల్పిన ఆయన విగ్రహం ఉంది. సినిమాలకన్నా ఆ ఊరి పేదలకు చేసిన సాయాన్ని తలుచుకుని పెట్టిన విగ్రహమది.