ఒకే మాట – మూడు అర్థములు

(రేడియో ప్రసంగ పాఠము)
వాక్యభాగము: రోమీయులకు 8:22–25

బైబిలు దగ్గర ఉన్నవారు రోమీయులకు వ్రాసిన పత్రిక ఎనిమిదవ అధ్యాయము తెరచి ఉంచుకొనండి. ఆ భాగానికి వెళ్ళేముందు ఒక మాటను గూర్చి మీతో చెప్పాలి. అది తెలుగు మాట కాదు, స్పానిష్ భాషలోని మాట. స్పానిష్ మాటతో మనకేమి పని అని అనుకోకండి. కొంచెము ఓపికతో వినండి.

కొన్ని సంవత్సరాల క్రితం ఒక కాపరుల సదస్సులో, స్పానిష్ మాట్లాడే ఒక దైవసేవకునితో నేను ఒకే గదిలో ఉన్నాను. ఆయనకు ఇంగ్లీషు అంతంత మాత్రమే వచ్చు. ఒక సాయంత్రం ఇద్దరం బస్టాపులో నిలబడ్డాం. బస్సు ఎంతకీ రాదు. ఎవరో వచ్చి, "ఇక్కడేం చేస్తున్నారు?" అని అడిగారు. ఆయన ఇంగ్లీషులో, "అయామ్ హోపింగ్ ద బస్" అన్నారు. 'వెయిటింగ్' అనవలసిన చోట 'హోపింగ్' అన్నారన్నమాట. బస్సు కొరకు కనిపెట్టుచున్నాను అనడానికి బదులు, బస్సును ఆశిస్తున్నాను అన్నట్టు. నాకు నవ్వు ఆగలేదు. ఆయన నొచ్చుకోలేదు. "సోదరా, మా భాషలో రెండింటికీ ఒకటే మాట" అన్నారు. ఆ మాట 'ఎస్పెరార్'.

ఆ రాత్రి గదిలో ఆయన ఆ మాటను నాకు విడమరచి చెప్పారు. ఒక మనిషి బస్సు కొరకు నిలబడితే అది ఎస్పెరార్. ఆస్పత్రిలో రోగులు కూర్చునే గదిని 'సాలా దె ఎస్పేరా' అంటారు. ఇది మొదటి అర్థము, ఎదురుచూచుట. "నా కుమారుడు పరీక్షలో నెగ్గాలని ఆశిస్తున్నాను" అని తండ్రి అంటే అది కూడా ఎస్పెరార్. విశ్వాసము, నిరీక్షణ, ప్రేమ అని పౌలు వ్రాసిన ఆ మూడింటిలో నిరీక్షణకు వారి మాట 'ఎస్పెరాన్సా'. అది ఎస్పెరార్ నుండి పుట్టిన మాటే. ఇది రెండవ అర్థము. ఇక ఒక స్త్రీ గర్భవతి అయినప్పుడు, "ఆమె ఎస్పెరార్ చేస్తున్నది" అంటారు. అంటే బిడ్డ కొరకు ఎదురుచూస్తున్నది అని. ఇది మూడవ అర్థము.

ఇంకొక సంగతి చెప్పారు. ఈ మాటకు ముందు 'దెస్' అని చేర్చితే 'దెసెస్పెరార్' అవుతుంది. దానికి నిరాశలో పడిపోవుట అని అర్థము, ఓపిక నశించి విసిగిపోవుట అనే అర్థమూ ఉంది. చూడండి, అక్కడ కూడా రెండూ కలిసే ఉన్నవి. ఎదురుచూచుట మానినవాని చేతిలో నుండి ఆశ కూడా జారిపోతుంది.

ప్రియులారా, స్పానిష్ బైబిలులో ఈ మాట చాలాచోట్ల కనబడుతుంది. ఆ బైబిలును తర్జుమా చేసినవారి కథ కూడా ఎదురుచూపుల కథే. కాసియోదోరో దె రేయ్నా అనే ఆయన స్పెయినులో సెవిల్లె పట్టణము దగ్గర ఒక మఠములో సన్యాసి. సంస్కరణ బోధను అంగీకరించినందుకు 1557లో దేశము విడిచి పారిపోవలసి వచ్చింది. మనిషి దొరకలేదని 1562లో సెవిల్లెలో ఆయన బొమ్మను తగులబెట్టారు. ఆయన దేశము నుండి దేశమునకు తిరుగుతూ, చివరకు 1569లో స్విట్జర్లాండులోని బాసెల్ పట్టణములో బైబిలు అంతటినీ స్పానిష్‌లో అచ్చు వేయించారు. అదే మఠము నుండి పారిపోయిన మరొక సన్యాసి సిప్రియానో దె వలేరా దానిని సవరించే పనికి పూనుకున్నారు. ఆ పని మొదలుపెట్టేనాటికి ఆయన వయస్సు 50 ఏండ్లు. 1602లో ఆమ్‌స్టర్‌డామ్‌లో అది అచ్చయ్యేనాటికి 70 ఏండ్లు. ఎస్పెరార్ అనే మాటను ఆ పుటలలో వ్రాసినవారికి దాని బరువు తెలుసు.

ఆదికాండము 8వ అధ్యాయములో నోవహు మరి ఏడు దినములు తాళి, పావురమును మరల బయటికి పంపాడు. స్పానిష్ బైబిలులో ఆ 'తాళి' అనుచోట ఉన్నది ఈ మాటే. నోవహు ఓడలో ఊరికే కూర్చున్నాడా, లేక ఆశ పెట్టుకున్నాడా అని మనం అడిగితే, ఆ మాట రెండూ అంటుంది. కిటికీ తెరచి పావురమును పంపినవాడు ఊరికే కూర్చున్నవాడు కాడు.

ఇప్పుడు మిమ్మును దక్షిణ అమెరికాలోని చిలీ దేశానికి తీసుకొని వెళ్తాను. అక్కడ అటకామా అనే ఎడారి ఉంది. ప్రపంచములో మిక్కిలి పొడిగా ఉండే ప్రదేశములలో అది ఒకటి. 2010 ఆగస్టు 5న ఆ ప్రాంతములో కోపియాపో పట్టణము దగ్గర సాన్ హోసే అనే గని కూలిపోయింది. 33 మంది పనివారు సుమారు 700 మీటర్ల లోతున చిక్కుకుపోయారు. వారి దగ్గర రెండు మూడు దినములకు సరిపడే ఆహారము మాత్రమే ఉంది. పైన వారి భార్యలు, తల్లులు, పిల్లలు ఎడారిలో గుడారాలు వేసుకొని కూర్చున్నారు. ఆ గుడారాల ఊరికి పేరు పెట్టుకున్నారు, 'కాంపామెంతో ఎస్పెరాన్సా', అంటే నిరీక్షణ శిబిరము. పదిహేడు దినములు లోపలి నుండి ఏ కబురూ లేదు. రంధ్రము వెంట రంధ్రము తొలిచారు. చాలా రంధ్రాలు గురి తప్పిపోయినవి. ఆగస్టు 22న ఒక రంధ్రము వారున్న చోటికి చేరింది. పైకి లాగిన ఇనుప మొనకు ఒక చీటీ కట్టి ఉంది. 33 మందిమీ క్షేమము అని అందులో ఉంది.

జానెడు వెడల్పు కూడా లేని ఆ రంధ్రము గుండా సన్నని గొట్టాలలో నీళ్ళు, ఆహారము, ఉత్తరాలు దింపారు. ఆ గొట్టాలకు వారు పెట్టుకున్న పేరు 'పలోమాలు', అనగా పావురాలు. నోవహు పావురము మీకు జ్ఞాపకము వచ్చినదా? లోపల ఉన్నవారిలో హోసే ఎన్రీకెస్ అనే సువార్తిక విశ్వాసి ప్రతిదినము తోటివారితో ప్రార్థన నడిపించేవారు. ఆ దినములలోనే, సెప్టెంబరులో, ఒక గని పనివాని భార్య ఆడపిల్లను కన్నది. ముందు అనుకున్న పేరు మార్చి ఆ బిడ్డకు ఎస్పెరాన్సా అని పేరు పెట్టారు. ఆ తల్లిని తలచుకోండి. భర్త కొరకు ఎదురుచూస్తున్నది. అతడు బ్రతికి రావాలని ఆశిస్తున్నది. కడుపులో బిడ్డను మోస్తున్నది. మూడు అర్థములూ ఒక్క స్త్రీలోనే ఉన్నవి. 69 దినముల తరువాత, అక్టోబరు 13 ముగిసేనాటికి, 33 మందీ సజీవులుగా పైకి వచ్చారు. దేవునికి స్తోత్రము.

ఇక్కడ ప్రసంగము ముగించితే మనకందరికీ సంతోషమే. కాని అది నిజాయితీ కాదు. అదే ఎడారిలో ఇంకొక ఎదురుచూపు ఉన్నది. 1973లో చిలీలో సైన్యము అధికారమును చేజిక్కించుకున్న తరువాత, అక్టోబరు నెలలో కలామా పట్టణములో 26 మంది పురుషులను చంపి ఎడారిలో రహస్యముగా పాతిపెట్టారు. వారి భార్యలు, తల్లులు, అక్కచెల్లెండ్రు పారలు పట్టుకొని ఎడారిలోకి వెళ్ళారు. ఒక దినము కాదు, ఒక సంవత్సరము కాదు. 1990 వరకు వెదకుతూనే ఉన్నారు. అప్పుడు దొరికినవి ఎముకల తునకలు మాత్రమే. ఎందుకంటే దేహములను అక్కడ నుండి త్రవ్వి వేరే చోటికి తరలించివేశారు. ఆ స్త్రీలు చేసినదానికి కూడా స్పానిష్‌లో మాట ఎస్పెరారే. వారి దగ్గర కూర్చొని, "ఆశ వదలకండి, అంతా మంచే జరుగుతుంది" అని చెప్పడానికి నాకు నోరు రాదు.

ఒకప్పుడు నాకు నోరు వచ్చేది. మీ ముందు ఒప్పుకుంటున్నాను. మా సంఘములో ఒక తల్లి ఉన్నది. ఆమె కుమారుడు పని కోసమని ఇల్లు విడిచి వెళ్ళి, ఆరు సంవత్సరాలుగా ఉత్తరము లేదు, ఫోను లేదు. ప్రతి ఆదివారము ఆరాధన అయిన తరువాత ప్రార్థన చేయమని వచ్చేది. నేను తల మీద చెయ్యి ఉంచి, "నిరీక్షణ కోల్పోకండమ్మా" అని చెప్పి, తరువాతివారి వైపు తిరిగేవాడిని. ఒక ఆదివారము ఆమె కదలలేదు. "అయ్యగారూ, నిరీక్షణ కలిగి ఉండమని మీరు ప్రతివారమూ చెబుతున్నారు. అది ఎట్లా చెయ్యాలో చెప్పండి. పొద్దున్నే లేచి నేను ఏం చేస్తే అది నిరీక్షణ అవుతుంది?" అని అడిగింది. వేదాంత కళాశాలలో చదువుకున్నవాడిని, ఆ తల్లికి జవాబు చెప్పలేక నిలబడిపోయాను.

ఆ రోజు నాకు బస్టాపు జ్ఞాపకము వచ్చింది. ఆనాటి రాత్రి ఆ సేవకుడు నన్ను, "మీ భాషలో ఈ రెండింటికీ వేరువేరు మాటలు ఉన్నవా?" అని అడిగారు. ఉన్నవని చెప్పబోయి ఆగిపోయాను. ప్రియులారా, మన మాట చూడండి. 'నిరీక్షణ'. కథలలో, నవలలలో, బయట మాటలలో నిరీక్షణ అంటే ఎదురుచూపే. మన తెలుగు బైబిలులో మాత్రము రాబోవు దానియందు ఉంచే ఆశకు ఆ మాటను వాడారు. అంటే మన చేతిలో కూడా అటువంటి మాటే ఉన్నది! ఇన్నాళ్ళూ నేను దానిలో సగమునే ప్రకటిస్తూ వచ్చాను. నిరీక్షణ అంటే మనస్సులో కలిగే ఒక ధైర్యము అనుకున్నాను. అది కాళ్ళతో, చేతులతో చేసే పని అని మరచిపోయాను. 'కనిపెట్టుట' అనే మాట కూడా అంతే. పసిబిడ్డను కనిపెట్టుకొని ఉండు అంటే చేతులు ముడుచుకొని కూర్చోమని కాదు గదా, కన్ను త్రిప్పకుండా చూచుకోమని.

హీబ్రూ భాషలో నిరీక్షణకు 'తిక్వా' అనే మాట ఉన్నది. యెహోషువ 2వ అధ్యాయములో రాహాబు కిటికీకి కట్టిన తొగరు దారము ఉన్నది గదా, అక్కడ త్రాడుకు వాడిన మాట అదే. ఆమె గోడ బయట శత్రుసైన్యము, గోడ లోపల భయము. ఆమె చేయగలిగినది ఒకటే, దారము కట్టి ఉంచుట.

ఇప్పుడు మన వాక్యభాగము చూడండి. రోమా 8:22లో సృష్టి యావత్తు ప్రసవవేదన పడుచున్నది అంటాడు పౌలు. 23లో మనమును మూలుగుచు కనిపెట్టుచున్నామంటాడు. 24, 25లో చూడనిదాని కొరకు ఓపికతో ఉండుటే నిరీక్షణ అంటాడు. ప్రసవవేదన, ఎదురుచూపు, నిరీక్షణ, మూడూ ఈ నాలుగు వచనములలోనే ఉన్నవి. మూలుగుట అవిశ్వాసము అని పౌలు ఎక్కడా అనలేదు. గర్భవతి మూలిగితే బిడ్డ లేదని అర్థమా? బిడ్డ ఉన్నది గనుకనే మూలుగుతుంది. నొప్పి లేని నిరీక్షణను అపొస్తలుడు మనకు వాగ్దానము చేయలేదు.

నేను ఆ తల్లి ఇంటికి వెళ్ళి ఆమె ప్రశ్నకు జవాబుగా, "అమ్మా, మీరు రోజూ ఏం చేస్తున్నారో ముందు నాకు చెప్పండి" అన్నాను. "ఏముందయ్యగారూ, అన్నములో ఒక గుప్పెడు బియ్యము ఎక్కువ పోస్తాను. వాడు వస్తే ఉండాలి గదా. రాత్రి దాకా చూచి, ప్రక్కింటి ముసలాయనకు పెడతాను" అన్నది. ఆ ముసలాయనకు ఎవరూ లేరు. ఆరు సంవత్సరాలుగా ఆయన రాత్రి భోజనము అదే. ప్రియులారా, ఆమెకు నేను నేర్పవలసినది ఏమీ లేదు. ఆమె అడిగిన ప్రశ్నకు జవాబు ఆమె పొయ్యి మీదనే ఉడుకుతున్నది.

ఆమె కుమారుడు ఇంకా రాలేదు. ఈ మాట దాచను. ఇప్పుడు నేను ఆదివారము తల మీద చెయ్యి ఉంచి పంపించివేయను. సాయంత్రము వెళ్ళి కాసేపు ఆమెతో కూర్చుంటాను. ఒంటరిగా ఎదురుచూచుట వేరు, ఇద్దరు కలిసి ఎదురుచూచుట వేరు.

ముగించేముందు ఒక్క సంగతి. యెషయా 30:18లో దేవుడు తన ప్రజలయందు దయచూపుటకై ఆలస్యము చేయుచున్నాడని చదువుతాము. స్పానిష్ బైబిలులో అక్కడ ఉన్న మాట ఏమిటో తెలుసా? ఎస్పెరార్. దేవుడే ఎదురుచూస్తున్నాడు! లూకా 15లో కుమారుడు ఇంకా దూరముగా ఉండగానే తండ్రి చూచాడు. దారి వైపు చూస్తూ ఉన్నవానికే గదా దూరముగా ఉన్నవాడు కనబడతాడు. వింటున్న సహోదరీ, సహోదరుడా, ఉద్యోగము కొరకో, బిడ్డ కొరకో, స్వస్థత కొరకో, ఇల్లు విడిచిన మనిషి కొరకో నీవు గుమ్మములో నిలబడి ఉన్నావేమో. ఆ గుమ్మములో నీవు ఒక్కడివే లేవు. ఈ రోజు నీవు చేయగలిగిన చిన్న పని ఏదో చేయి. ఒక గుప్పెడు బియ్యము ఎక్కువ పోయి. నీ వీధిలో ఎదురుచూస్తున్నవారు ఎవరైనా ఉంటే, నీతిమాటలు చెప్పకుండా వెళ్ళి వారి ప్రక్కన కూర్చో.

ప్రార్థన చేసుకుందాము. పరలోకమందున్న మా తండ్రీ, మా కొరకు ఎదురుచూచే దేవుడవు నీవు. అలసిపోయి దారి వైపు చూస్తున్న ప్రతి కన్నును నీవెరుగుదువు. జవాబు దొరికినవారిని కృతజ్ఞులుగా ఉంచుము. జవాబు దొరకనివారి ప్రక్కన కూర్చుండుటకు మాకు ఓపిక నేర్పుము. మా నిరీక్షణ మాటగా కాక మా చేతుల పనిగా ఉండునట్లు సహాయము చేయుము. యేసు నామములో వేడుకొనుచున్నాము తండ్రీ, ఆమేన్.

దేవుడు మిమ్మును మీ కుటుంబములను దీవించును గాక.