విచారణే శిక్షగా మారిన వేళ



ఉగ్రవాదాన్ని మనం నిస్సంకోచంగా ఖండిస్తాం. 2007 మే 18, శుక్రవారం నాడు హైదరాబాద్ మక్కా మసీదులో బాంబు పేలినప్పుడు ప్రాణాలు కోల్పోయినది నమాజుకు వెళ్లిన మనవారే. అసలు దోషులకు శిక్ష పడాలని మనకన్నా బలంగా కోరుకునేదెవరు? అయినా ఆ పేలుడు తర్వాత అనుమానం పేరిట నిర్బంధానికి గురైనది కూడా మన యువకులే. తర్వాత నిర్దోషులుగా తేలినవారికి ప్రభుత్వం పరిహారం ఇచ్చింది. 2013లో హైకోర్టు ఆ ఉత్తర్వును కొట్టివేసింది.

1985లో రెండేళ్ల కోసమంటూ తెచ్చిన టాడా పదేళ్లు సాగింది. 2002లో వచ్చిన పోటా 2004లో రద్దయింది. దాని కోరల్లో అనేకం ఉపా చట్టంలోకి చేరాయి. టాడా, పోటాలకు గడువైనా ఉండేది. ఉపాకు అదీ లేదు. 2008 సవరణతో అభియోగపత్రం లేకుండానే 180 రోజుల వరకు నిర్బంధించవచ్చు. ఆరోపణ పైకి నిజమనిపిస్తే చాలు, బెయిలు దొరకదు. 2019 నుండి, విచారణ లేకుండానే ఒక వ్యక్తిని ఉగ్రవాదిగా ప్రకటించే అధికారం కేంద్రానికి దక్కింది.

అక్షరధామ్ కేసులో పోటా కింద శిక్షపడిన ఆరుగురినీ 2014లో సుప్రీంకోర్టు నిర్దోషులుగా విడుదల చేసింది. వారిలో ముగ్గురు ఉరిశిక్ష పడినవారు. ఇది మన ఒక్కరి బాధే కాదు. అమలాపురంలో పుట్టిన ప్రొఫెసర్ సాయిబాబా చక్రాల కుర్చీలోనే ఏళ్ల తరబడి జైలులో మగ్గి, 2024 మార్చిలో నిర్దోషిగా బయటపడి, అక్టోబరులో కన్నుమూశారు. పోయిన ఏళ్లను ఏ తీర్పు తిరిగి ఇవ్వగలదు?

భయపడి మౌనం వహించడం పరిష్కారం కాదు. అరెస్టయిన వ్యక్తిని 24 గంటల్లో మేజిస్ట్రేటు ముందు హాజరుపరచాలని, న్యాయవాదిని సంప్రదించనివ్వాలని రాజ్యాంగం 22వ అధికరణం చెబుతోంది. ఉపా కేసుల్లోనూ అరెస్టు కారణాలను లిఖితపూర్వకంగా ఇవ్వాలని 2024 మేలో సుప్రీంకోర్టు స్పష్టం చేసింది. విచారణ అంతులేకుండా సాగితే బెయిలు ఇవ్వవచ్చని 2021లోనే చెప్పింది. కనుక ప్రతి కుటుంబం అరెస్టు జరిగిన తేదీ, సమయం, స్థలం రాసిపెట్టుకోవాలి. కారణాల ప్రతిని అడిగి తీసుకోవాలి. నిర్బంధంలో ఉన్నవారికి జిల్లా న్యాయసేవాధికార సంస్థ ద్వారా ఉచిత న్యాయసహాయం పొందే హక్కుంది.

బెయిలును అడ్డుకునే నిబంధనను సవరించాలి. అన్యాయంగా జైలు పాలైనవారికి పరిహారం దయగా కాక, చట్టబద్ధమైన హక్కుగా దక్కాలి. దళిత, ఆదివాసీ, పౌరహక్కుల సంఘాలతో చేయి కలిపి ఈ డిమాండ్లను ప్రతి వేదికపై వినిపిద్దాం. శత్రుత్వం ఎదురైనా న్యాయం తప్పరాదన్నది మన ధర్మం. ఆ న్యాయాన్నే ప్రభుత్వం నుండి కోరుతున్నాం.